ఆటోనగర్ టర్నరు మణికట్టు: గాయాలకు పరిహారం లెక్క ఎలా కడతారు

రోడ్డు ప్రమాదంలో మనిషి చనిపోతే వారసులకు ఎంత రావచ్చో మన బెజవాడలో టీ కొట్టు దగ్గర నిలబడ్డవాళ్లలో ఎవరో ఒకరు నోటిలెక్కన చెప్పేస్తారు. పోయిన మనిషి వయసు, సంపాదన, అతని మీద ఆధారపడినవాళ్లు ఎందరన్న మూడు సంగతులు తెలిస్తే ఆ లెక్క చాలావరకు నిలబడుతుంది కూడా. దెబ్బ తిని బతికినవాడి సంగతి అలా ఉండదు. ఒకే రోజున, ఒకే వాహనం కింద, ఒకే చోట చెయ్యి విరిగిన ఇద్దరిలో ఒకరికి 5 లక్షలు, మరొకరికి 15 లక్షలు రావచ్చు; ఆ రెండు తీర్పులూ న్యాయమైనవే కావచ్చు. ఆ తేడా ఎక్కడ పుడుతుందో, దాన్ని నిరూపించే కాగితాలు ఎప్పుడు తయారవుతాయో గాయపడినవాడి ఇంట్లోవాళ్లకు ముందుగా తెలియడం చాలా అవసరమని నా అభిప్రాయం. నేను వకీలును కాను. మా పిన్ని కొడుకు కేసులో మొదటినుంచీ ఫైలు మోసినవాణ్ణి, ఆ తరువాత బంధువులలోనూ ఇరుగుపొరుగులోనూ మరికొందరి కాగితాలు చూసిపెట్టినవాణ్ణి. ఆ మాత్రపు అర్హతతోనే ఇది రాస్తున్నాను.

ఆ పిన్ని కొడుకు, మా తమ్ముడు జవహర్ ఆటోనగర్‌లో ఒక వర్క్‌షాపులో లేత్ మీద టర్నరుగా పనిచేసేవాడు. ప్రమాదం నాటికి అతని వయసు 34. రామవరప్పాడు రింగు దగ్గర ఒక సరుకుల వ్యాను సిగ్నల్ ఇవ్వకుండా పక్కకు తిరగడంతో బైకు మీదనుంచి పడి కుడి మణికట్టు దగ్గర రెండు ఎముకలూ విరిగాయి. ఒక ప్రైవేటు ఆసుపత్రిలో ప్లేటు వేసి, స్క్రూలు బిగించారు. కట్టు విప్పిన రోజున ఎక్స్‌రే చూసిన డాక్టరు ఎముక చక్కగా అతికిందని చెప్పారు, అది నిజమే. కానీ అరచేతిని పైకీ కిందికీ తిప్పే కదలిక సగానికి పడిపోయింది, పట్టు బలం తగ్గిపోయింది. చూసేవారికి చెయ్యి బాగానే కనిపిస్తుంది. అన్నం కలుపుకుంటాడు, ఫోను పట్టుకుంటాడు, సంతకం చేస్తాడు. కేసు మొత్తం ఈ ఒక్క చిక్కు చుట్టూనే తిరిగింది.

గాయపడినవారికి పరిహారం ఎలా లెక్కించాలన్నదానికి ఇవాళ్టికీ రోడ్డు ప్రమాదాల క్లెయిములు విచారించే ట్రిబ్యునళ్లు ఆధారం చేసుకునే తీర్పు సుప్రీంకోర్టు 2010లో రాజ్‌కుమార్ వర్సెస్ అజయ్ కుమార్ కేసులో ఇచ్చినది. అందులోని ముఖ్యమైన సూత్రం ఏమిటంటే, డాక్టరు ఒక అవయవానికి ఇచ్చే వైకల్యం శాతం వేరు, మొత్తం శరీరానికి లెక్కించే వైకల్యం వేరు, ఆ వైకల్యం వల్ల ఆ మనిషి సంపాదన శక్తికి కలిగే నష్టం మరీ వేరు. ఎడమ చెయ్యి తీసేయవలసి వచ్చినవాడు డ్రైవరో వడ్రంగో అయితే అతని సంపాదన దాదాపు నూటికి నూరుపాళ్లూ పోయినట్టేనని, అదే ప్రభుత్వ కార్యాలయంలో గుమాస్తా అయితే ఉద్యోగం నిలిచే ఉండవచ్చని ఆ తీర్పులోనే ఉదాహరణ చెప్పారు. కాబట్టి ట్రిబ్యునల్ ముందుగా ఆ మనిషి ప్రమాదానికి ముందు ఏం పని చేసేవాడో, ఇప్పుడు ఆ పనిలో ఏమేమి చేయగలడో, ఏవి చేయలేడో, వేరే పని చేసి ఎంత సంపాదించుకోగలడో తేల్చాలి. ఆ తరువాతే శాతం.

ఆ శాతం డబ్బుగా ఎలా మారుతుందో మా తమ్ముడి లెక్కలోనే చూపిస్తాను. వారం వారం శనివారం సాయంత్రం కూలి పుచ్చుకునేవాడు గనుక జీతం చీటీ అంటూ ఏదీ లేదు. సాక్ష్యాలు చూసి ట్రిబ్యునల్ నెలకు 15,000 రూపాయలుగా నిర్ణయించింది. 2017లో ప్రణయ్ సేఠీ కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం చెప్పినదాని ప్రకారం, సొంతంగా గానీ పర్మినెంటు కాని పనిలో గానీ ఉన్న 40 ఏళ్లలోపువారికి భవిష్యత్తులో సంపాదన పెరుగుతుందన్న లెక్కన 40 శాతం కలపాలి. అప్పుడది 21,000 అయింది, ఏడాదికి 2,52,000. వయసును బట్టి గుణించే అంకె 2009 నాటి సరళా వర్మ తీర్పులోని పట్టిక నుంచి తీసుకుంటారు: 31 నుంచి 35 ఏళ్లవారికి 16. గుణిస్తే 40,32,000. మరణించినవారి కేసులో సొంత ఖర్చుల కింద ఇందులోంచి మూడోవంతో నాలుగోవంతో తీసేస్తారు గానీ, బతికినవాడి కేసులో ఆ కోత ఉండదు, ఎందుకంటే అతని తిండీ బట్టా అతనికి ఇంకా కావాలి. ఇక మిగిలిందల్లా ఆ 40,32,000లో ఎంత శాతమన్నదే.

డాక్టరు కుడి చేతికి 42 శాతం వైకల్యం ఉందని రాశారు. బీమా కంపెనీ తరఫు వకీలు అది ఒక్క అవయవానికి సంబంధించినదే గనుక మూడోవంతు చేసి 14 శాతం లెక్కించాలని వాదించారు. ఆ ప్రకారం వచ్చేది 5,64,480 రూపాయలు. మా వకీలు, టర్నరుకు కుడి మణికట్టు తిరగకపోతే లేత్ పని పూర్తిగా పోయినట్టేనని, వేరే తేలికపాటి పనుల్లో వచ్చే కాస్త సంపాదన తీసివేయగా మిగిలినదంతా నష్టమేనని వాదించారు. చివరికి ట్రిబ్యునల్ 35 శాతం తీసుకుంది, అంటే 14,11,200. ఒకే ఎక్స్‌రే, ఒకే డాక్టరు, ఒకే సర్టిఫికెట్ మీద 14కు 35కు మధ్య ఉన్న తేడా 8,46,720 రూపాయలు. ఇంకే పద్దు కింద ఎంత కొట్లాడినా ఇంత తేడా రాదు.

ఆ తేడా తెచ్చింది బోనులో జరిగిన ఒక చిన్న సంభాషణేనని నేను ఇప్పటికీ నమ్ముతాను. కంపెనీ వకీలు వకాలత్ కాగితం చూపించి, "ఈ సంతకం మీదేనా?" అని అడిగారు. "నాదేనండి." "కుడి చేత్తోనే పెట్టారు కదా?" "కుడి చేత్తోనేనండి." "అంటే మీ చెయ్యి పనిచేస్తున్నట్టే కదా?" అన్నారు. మావాడు క్షణం ఆలోచించి, "సంతకానికి మణికట్టు తిరగక్కర్లేదండి. చక్ కీ బిగించడానికి తిరగాలండి," అన్నాడు. జడ్జిగారు రాయడం ఆపి చక్ కీ అంటే ఏమిటని అడిగారు. జాబ్‌ను చక్‌లో పెట్టి ఆ కీతో గట్టిగా బిగించకపోతే తిరిగే వేగానికి అది ఊడి మనిషి మొహం మీదికి వస్తుందని, టూల్‌ను వెంట్రుకవాసి లోపలికి జరపడానికి క్రాస్ స్లైడ్ హ్యాండిల్‌ను మణికట్టుతోనే తిప్పాలని, కొలత చూడటానికి మైక్రోమీటరును బొటనవేలూ చూపుడువేలూ మధ్య తిప్పాలని అతను చేత్తో చూపిస్తూ చెప్పాడు. చూపిస్తున్నప్పుడు ఆ చెయ్యి సగం తిరిగి ఆగిపోవడం అందరికీ కనపడింది. ఆ తరువాత వర్క్‌షాపు ఓనరు కూడా సాక్ష్యానికి వచ్చి, కూలీల పద్దు రాసుకున్న పుస్తకం చూపించి, ప్రమాదం తరువాత అతన్ని మిషను మీద నిలబెట్టే ధైర్యం తనకు లేదని, సరుకు చూసుకునే పని ఇచ్చి తక్కువ కూలి ఇస్తున్నానని చెప్పారు. సొంత పని మానుకుని కోర్టుకు రావడానికి చాలామంది ఓనర్లు ఒప్పుకోరు. ఆయన వచ్చారు.

కాబట్టి గాయపడినవారికి నేను ముందుగా చెప్పే మాట ఇదే: మీ పనిలో చెయ్యి ఏం చేస్తుంది, కాలు ఏం చేస్తుంది, కన్ను ఏం చేస్తుందన్నది మీ వకీలుకు విడమరిచి చెప్పండి. గుంటూరు మిర్చి యార్డులో హమాలీకి మోకాలు పూర్తిగా ముడవకపోతే బస్తా ఎత్తలేడు. ఆ మోకాలే ఒక ట్యూషన్ మాస్టారుకు ఉంటే కింద కూర్చోవడమే కష్టం, జీతం తగ్గదు. వకీలు ఎంత తెలివైనవారైనా ఆయనకు హమాలీ పని తెలియదు. 2020లో పప్పు దేవ్ యాదవ్ కేసులో డేటా ఎంట్రీ పని చేసే యువకుడి చెయ్యి తీసేయవలసి వచ్చినప్పుడు సుప్రీంకోర్టు అతని సంపాదన నష్టాన్ని 65 శాతంగా తీసుకుంది. శాశ్వత వైకల్యం కలిగినవారికి కూడా భవిష్యత్ సంపాదన పెరుగుదలను కలపవలసిందేనని అదే తీర్పులో స్పష్టం చేసింది. ఇప్పటికీ బీమా కంపెనీలు కోర్టులో వేసే జవాబుల్లో (కౌంటర్లలో) కొన్నిచోట్ల గాయాల కేసుకు ఆ 40 శాతం వర్తించదని రాస్తూనే ఉన్నారు. పట్టించుకోనక్కర్లేదు.

డాక్టరు సాక్ష్యం విషయంలో ఒక జాగ్రత్త ఉంది. కోర్టుల చుట్టుపక్కల అడిగిన శాతం రాసిచ్చే సర్టిఫికెట్లు దొరుకుతాయన్నది అందరికీ తెలిసిన రహస్యమే. వైద్యం చేయని డాక్టరు ఇచ్చే ఇలాంటి సిద్ధాన్నం సర్టిఫికెట్లను నమ్మేముందు ట్రిబ్యునళ్లు జాగ్రత్తగా ఉండాలని రాజ్‌కుమార్ తీర్పే హెచ్చరించింది. కేవలం సర్టిఫికెట్ దాఖలు చేస్తే చాలదు, వైద్యం చేసిన డాక్టరో, పరీక్షించిన డాక్టరో వచ్చి ఏ కదలిక ఎంత తగ్గిందో చెప్పి ఎదుటి వకీలు అడిగే ప్రశ్నలకు, అంటే క్రాస్ ఎగ్జామినేషన్‌కు, నిలబడాలి. ప్రభుత్వం వికలాంగులకు ఇచ్చే సదరం సర్టిఫికెట్ పింఛనుకు ఉపయోగపడుతుంది, ట్రిబ్యునల్లో ఒక ఆధారంగానూ పనికొస్తుంది, కానీ అందులోని అంకె నేరుగా పరిహారం లెక్కలోకి దిగిపోతుందనుకోకూడదు. మరొక సంగతి, వైద్యం పూర్తిగా ముగిసి ఇక బాగుపడేది ఇంతేనని తేలిన తరువాతే వైకల్యం కొలవాలి. ప్లాస్టరు విప్పిన వారానికే తెచ్చుకున్న శాతానికి ఎదుటి వకీలు ముందు ఆయుష్షు ఉండదు.

ఇక మొదటి రోజుల కాగితాల సంగతి. ఆసుపత్రిలో చేర్చగానే అది రోడ్డు ప్రమాదమని, ఏ వాహనం గుద్దిందని కేస్ షీటులో రాయించాలి. కంగారులో "బండి మీదనుంచి పడ్డాడు" అని చెబితే, అక్కడ రాసిన ఆ ఒక్క వాక్యం ఏళ్ల తరువాత బోనులో మన ఎదురుగా వచ్చి నిలబడుతుంది. పోలీసు ఎఫ్ఐఆర్ ఆలస్యమైతే కేసు పోయినట్టేనని భయపెట్టేవారున్నారు. మనిషి ప్రాణం మీదికి వచ్చినప్పుడు ఇంట్లోవాళ్లు ముందు స్టేషనుకు పరుగెత్తరని, ఒక్క ఆలస్యం కారణంగానే క్లెయిమును కొట్టేయకూడదని 2011లో రవి వర్సెస్ బద్రీనారాయణ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా ఆలస్యం ఎందుకయిందో ఫిర్యాదులోనే రాయడం మంచిది. ఎఫ్ఐఆర్, వూండ్ సర్టిఫికెట్, మోటారు వాహనాల ఇన్‌స్పెక్టర్ నివేదిక, పంచనామా, రఫ్ స్కెచ్, ఛార్జిషీటు, డిశ్చార్జి సమ్మరీ, మందుల బిల్లులు, వాటితోపాటు ఎక్స్‌రే ఫిల్ములు దాచుకోవాలి. ఫిజియోథెరపీకి వెళ్లిన ప్రతిసారీ రసీదు అడగండి. చాలా సెంటర్లలో అడిగితే తప్ప ఇవ్వరు. ఆసుపత్రి ఖర్చు విషయంలో కేంద్రం 2025 మే నెలలో నోటిఫై చేసిన నగదురహిత చికిత్స పథకం కింద ప్రమాదం జరిగిన నాటినుంచి 7 రోజులపాటు మనిషికి 1.5 లక్షల రూపాయల వరకు వైద్యం అందాలి. చేర్చేటప్పుడే దాని గురించి అడగడం ఇంట్లోవాళ్ల పని.

సంపాదనకు కాగితం లేనివారు మన ఊళ్లలో ఎక్కువమంది. ఆదాయపు పన్ను రిటర్ను ఉంటే అంతకన్నా బలమైన ఆధారం లేదు. లేనివారు కనీసం ఫోన్‌పే ఖాతాల్లో పడిన కూలి, బ్యాంకు పాసుపుస్తకం, ఓనరు పద్దు పుస్తకం, చీటీపాటకు కట్టిన వాయిదాలు, ఇంటి అద్దె రసీదులు చూపించవచ్చు. ఏ ఆధారమూ లేకపోతే ట్రిబ్యునల్ ఊహించి ఒక అంకె వేస్తుంది, కనీస వేతనాల నోటిఫికేషన్లను కూడా చూస్తుంది. 2011లో రామచంద్రప్ప కేసులో, 2004లో గాయపడిన ఒక కూలి తనకు నెలకు 4,500 వచ్చేదని చెబితే దిగువ కోర్టులు తగ్గించాయి. కూలివాడి దగ్గర రాతపూర్వక ఆధారం ఆశించలేమని, అతను అడిగినది అతిశయోక్తి కాదని సుప్రీంకోర్టు ఆ 4,500నే ఒప్పుకుంది. కనుక ఉన్న సంపాదన ఉన్నట్టు చెప్పడమే మేలు. ఎక్కువ వస్తుందని 15,000ను 40,000 చేసి రాసే వకీలు గుమాస్తాలు ఉన్నారు; ఆ అబద్ధం క్రాస్‌లో తేలిపోయాక నిజం చెప్పిన మాటలకు కూడా విలువ ఉండదు.

సంపాదన నష్టం కాక మిగిలిన పద్దులు ఉన్నాయి: వైద్య ఖర్చులు, ఆసుపత్రికి తిరిగిన ఆటో ఛార్జీలు, బలమైన ఆహారం, మంచం మీద ఉన్న నెలల్లో పోయిన కూలి, బాధకూ వేదనకూ కొంత, జీవితంలో కోల్పోయిన సుఖాలకు కొంత, పెళ్లి కానివారైతే ఆ అవకాశాలు తగ్గినందుకు కొంత. ప్లేట్లూ స్క్రూలూ తీయించుకోవడానికి మరో ఆపరేషన్ కావాలంటే దాని అంచనాను డాక్టరు చేత ఇప్పుడే రాయించాలి, ఎందుకంటే తీర్పు వచ్చాక మళ్లీ ట్రిబ్యునల్‌కు వెళ్లి అడిగే వీలుండదు. సహాయకుల ఖర్చు గురించి మాత్రం కాస్త ఆగి చెప్పాలి. తల్లో భార్యో చేస్తోంది గదా, దానికి డబ్బెందుకు అనుకుంటారు మనవాళ్లు. 2020లో కాజల్ వర్సెస్ జగదీశ్ చంద్ కేసులో 12 ఏళ్ల అమ్మాయి పూర్తిగా ఇతరుల మీద ఆధారపడవలసిన స్థితికి వచ్చినప్పుడు, సుప్రీంకోర్టు ఇద్దరు సహాయకులకయ్యే నెలవారీ ఖర్చును గుణకం 18తో లెక్కకట్టి జీవితకాలానికి ఇప్పించింది. ఇంట్లో ఆడవాళ్లు చేసే సేవను కూడా అడగవలసిందే. అడిగిన మొత్తానికి మించి న్యాయమైనది ఇవ్వడానికి కూడా ట్రిబ్యునల్‌కు అధికారం ఉందని 2002 నాటి నాగప్ప తీర్పు చెబుతోంది గనుక, క్లెయిములో తక్కువ అంకె వేశామన్న బెంగ అక్కర్లేదు.

ఎదుటిపక్షం తప్పకుండా ఎత్తే వాదన మన తప్పు కూడా ఉందని. బండి మీద ముగ్గురు కూర్చున్నారన్న ఒక్క కారణంతో పరిహారంలో కోత పెట్టడం కుదరదని, ఆ మూడో మనిషి ఉండటం వల్లే ప్రమాదం జరిగిందనో గాయం పెరిగిందనో నిరూపించాలని 2020లో మహమ్మద్ సిద్దీఖ్ కేసులో సుప్రీంకోర్టు అన్నది. హెల్మెట్ లేకపోవడం కూడా తలకు దెబ్బ తగిలిన కేసులో మాట్లాడవలసిన విషయమే తప్ప కాలు విరిగినదానికి దానితో సంబంధం లేదు.

గుంటూరు వైపు చూస్తే నాకు ఎక్కువ కష్టంగా అనిపించేది మిరపకోత కూలీల పరిస్థితి. కోతల కాలంలో తెల్లవారకముందే ట్రాలీల్లో, సరుకుల ఆటోల్లో పదిహేను, ఇరవై మంది ఆడవాళ్లు నిలబడి పొలాలకు వెళ్తుంటారు. ఆ బండి బోల్తా పడితే, సరుకు రవాణా వాహనంలో ఊరికే ఎక్కించుకున్న ప్రయాణికులకు బీమా కంపెనీ బాధ్యత ఉండదన్నది 2002 నాటి ఆశారాణి తీర్పు నుంచి స్థిరపడిన సంగతి. సరుకు యజమాని తన సరుకుతోపాటు ప్రయాణిస్తే బీమా వర్తిస్తుంది. బండి ఓనరు ఎత్తుడు దించుడు పనికి పెట్టుకున్న హమాలీలకు ఆ ఓనరు పనివాళ్లుగా వర్తించవచ్చు. పొలం పనికి పోయే కూలీకి వర్తించడం కష్టం. అప్పుడు బండి ఓనరు చెల్లించాలి, ఆ ఓనరుకు ఆ ఒక్క పాత ఆటో తప్ప ఏమీ ఉండదు. అయితే బాధితులకు ముందు కంపెనీ చెల్లించి ఆ తరువాత ఓనరు దగ్గర వసూలు చేసుకోవాలని సుప్రీంకోర్టు ఆదేశించిన సందర్భాలున్నాయి, 2017 నాటి మనువారా ఖాతూన్ కేసు అలాంటిది. కాబట్టి ఇలాంటి కేసుల్లో ఆ విన్నపాన్ని పిటిషన్‌లో మొదటే రాయించాలి. వాళ్ల ట్రాలీని వేరే లారీ గుద్దినట్లయితే పరిస్థితి వేరు. ఆ లారీ పాలసీకి వీళ్లు బయటివ్యక్తులు, పూర్తి హక్కు ఉంటుంది. పనిలో ఉండగా గాయపడినవారు 1923 నాటి ఉద్యోగుల పరిహార చట్టం కింద కూడా వెళ్లవచ్చు, కానీ రెండు దారుల్లో ఒకటే ఎంచుకోవాలి.

ఆర్టీసీ బస్సు గుద్దితే బీమా కంపెనీ ఏదని వెతకనక్కర్లేదు. సంస్థ సొంత బస్సులకు మోటారు వాహనాల చట్టంలోని 146వ సెక్షన్ కింద బీమా నుంచి మినహాయింపు ఉంది, పరిహారం సంస్థే చెల్లిస్తుంది. అద్దె బస్సు అయితే దాని ఓనరునూ బీమా కంపెనీనీ కూడా చేర్చాలి.

క్లెయిము ఎక్కడ వేయాలన్నది చాలామందికి అనవసరమైన భయం. ప్రమాదం జరిగిన చోటే వేయాలన్న నియమం లేదు. గాయపడినవారు నివసించే చోట గానీ, వ్యాపారం చేసుకునే చోట గానీ వేయవచ్చు. కాజ టోల్‌గేటు దగ్గర ప్రమాదం జరిగినా విజయవాడ మనిషి విజయవాడలోనే ఎం.వి.ఓ.పి. (పరిహారం కోరే పిటిషన్) దాఖలు చేసుకోవచ్చు. గడువు సంగతి మాత్రం తేలికగా తీసుకోకూడదు. 1994లో తీసేసిన 6 నెలల గడువును 2019 సవరణ మళ్లీ తెచ్చింది, అది 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. దాని చెల్లుబాటును సుప్రీంకోర్టులో సవాలు చేశారు. కానీ మన కేసును ఆ వివాదానికి తాకట్టు పెట్టనవసరం లేదు, వైద్యం నడుస్తుండగానే పిటిషన్ వేసి వైకల్యం కాగితాలు తరువాత దాఖలు చేయవచ్చు. ఇప్పటి నిబంధనల ప్రకారం పోలీసులే ప్రమాదం జరిగిన 48 గంటల్లో మొదటి నివేదికను, 50 రోజుల్లో మధ్యంతర నివేదికను, 90 రోజుల్లో సమగ్ర నివేదికను ట్రిబ్యునల్‌కు పంపాలి. ఇది రాష్ట్రాలన్నీ పాటించాలని 2022 డిసెంబరులో గోహర్ మహమ్మద్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ నివేదిక వెళ్లిందో లేదో దర్యాప్తు అధికారిని అడిగి తెలుసుకునే హక్కు బాధితుడికి ఉంది.

ఎవరి తప్పో నిరూపించనక్కర్లేకుండా 164వ సెక్షన్ కింద తీవ్రమైన గాయానికి 2.5 లక్షలు వస్తాయి. ఎముక విరిగితే అది తీవ్రమైన గాయమే. గుద్దిన బండి ఏదో తెలియకుండా పోతే 161వ సెక్షన్ పథకం కింద వచ్చేది 50,000 మాత్రమే, దానికి రెవెన్యూ అధికారి దగ్గర దరఖాస్తు పెట్టుకోవాలి. ఆ 2.5 లక్షల దగ్గర ఒక చోట కాలు జారే ప్రమాదం ఉంది. బీమా కంపెనీ ప్రతినిధి ఆసుపత్రికే వచ్చి 164 కింద రాజీకి ఒప్పించి డబ్బు చేతిలో పెడితే, 166వ సెక్షన్ కింద ట్రిబ్యునల్‌లో వేసిన క్లెయిము రద్దయిపోతుంది. చిన్న గాయమై పూర్తిగా మానిపోయేటట్లయితే ఆ రాజీ తప్పేమీ కాదు, ఏళ్ల తరబడి వాయిదాల కన్నా మేలే. శాశ్వతంగా పని దెబ్బతినే గాయమైతే 14 లక్షల హక్కును రెండున్నర లక్షలకు వదులుకున్నట్టు అవుతుంది. లోక్ అదాలత్‌లో రాజీ కూడా అంతే; అక్కడ ఇచ్చిన అవార్డు మీద అప్పీలు ఉండదు కనుక వైకల్యం ఎంతో తేలని దశలో అక్కడ సంతకం పెట్టకూడదు, తేలిన తరువాత మాత్రం అంతకన్నా త్వరగా డబ్బు వచ్చే దారి లేదు. ఆసుపత్రి వరండాల్లో తిరుగుతూ వచ్చినదాంట్లో నూటికి ఇంతని మాట్లాడుకునే దళారులకు సంతకాలు చేసిన ఖాళీ కాగితాలు ఇవ్వవద్దు. ఫలితం మీద వాటా పుచ్చుకోవడం వకీళ్లకు బార్ కౌన్సిల్ నిబంధనల ప్రకారం నిషిద్ధం. ఆడవారికి, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది.

తీర్పు వచ్చిన తరువాత డబ్బు చేతికి రావడం మరో ఘట్టం. సొమ్ము నేరుగా గాయపడినవారి బ్యాంకు ఖాతాలోకి పంపే పద్ధతిని 2025 మార్చిలో సుప్రీంకోర్టు సూచించింది కాబట్టి ఖాతా వివరాలు ముందే ఫైలులో పెట్టించడం మంచిది. కొంత భాగాన్ని ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఉంచమని ట్రిబ్యునళ్లు ఆదేశించడం 1990ల నాటి సూసమ్మ థామస్ తీర్పు నుంచి వస్తున్న ఆనవాయితీ. అది మైనర్లకూ, చదువు రానివారికీ డబ్బు ఎవరూ కాజేయకుండా ఉద్దేశించినది తప్ప, అవసరం చూపించినా యాంత్రికంగా అట్టిపెట్టడానికి కాదని 2012లో ఎ.వి. పద్మ కేసులో సుప్రీంకోర్టు వివరించింది. అవసరానికి కాగితం జతచేసి అడిగితే విడుదల చేస్తారు.

అవార్డు 1 లక్షకు పైబడి ఉంటే ఎవరైనా 90 రోజుల్లో హైకోర్టుకు వెళ్లవచ్చు. చెల్లించవలసినవారు వెళ్తే 25,000 గానీ అవార్డులో సగం గానీ, రెండింటిలో ఏది తక్కువైతే అది ముందు జమ చేయాలి. అవార్డు అమలును ఆపాలంటే హైకోర్టు ఇంకా ఎక్కువ జమ చేయమని చెప్పవచ్చు. మా తమ్ముడి కేసులో కంపెనీ నేలపాడులోని హైకోర్టులో అప్పీలు వేసింది, 35 శాతం ఎక్కువన్నదే వారి ఏకైక వాదన. హైకోర్టు సగం సొమ్ము జమ చేయించి స్టే ఇచ్చింది, ఆ జమలో కొంత తీసుకోవడానికి మావాడికి అనుమతి వచ్చింది. ఆ డబ్బుతో ఆటోనగర్‌లోనే బేరింగులూ బోల్టులూ అమ్మే చిన్న కొట్టు పెట్టాడు. అప్పీలు ఇంకా విచారణకు రాలేదు. వచ్చిన రోజున బోనులో అతను చెప్పిన చక్ కీ మాట రికార్డులో ఉండనే ఉంది.